నాయనమ్మకు పడని మాట

ఆదివారం ఉదయం తొమ్మిదిన్నరకు మా ఇంట్లో ఎవరూ బయటికి కదలరు. ఆ వేళకు మిర్యాలగూడ హాస్టల్ నుంచి మా మనవరాలి ఫోను వస్తుంది. ఇంటర్ మొదటి సంవత్సరం చదువుతోంది. వారానికి ఒక్కసారి, వార్డెన్ ఫోనులోంచి, వార్డెన్ పక్కనే నిలబడి ఉండగా ఐదు నిమిషాలు మాట్లాడనిస్తారు. మా అబ్బాయి ఫోను స్పీకర్‌లో పెట్టి టీపాయ్ మీద ఉంచుతాడు. వాడూ, కోడలూ, నేనూ చలిమంట చుట్టూ చేరినట్టు దాని చుట్టూ చేరతాం.

ఈ ఆదివారం పిల్ల మాట్లాడింది ఇంతే.

"అన్నం తిన్న డాడీ. టెస్ట్ రాసిన. మా రూం కిటికీకి ఇనుప జాలీ కొట్టిన్రు. జుట్టు రాలుతుంది. నానమ్మా, గోళీలు ఏసుకుంటున్నవా? నేను మంచిగనే ఉన్న."

ఇచ్చిన ఐదు నిమిషాలు కూడా వాడుకోలేదు. ఫోను పెట్టేసింది.

"మంచిగనే ఉన్నదట" అన్నాడు మా అబ్బాయి. కోడలి ముఖం చూసి మళ్ళీ తనే అందుకున్నాడు. "కొత్త కదా, అందుకే జర డల్‌గ ఉన్నది. పరీక్షలున్నయి, అందుకే నిద్ర ఉండది. నిద్ర లేదు, అందుకే జుట్టు రాలుతది. అందరి పిల్లలు గట్లనే ఉంటరు."

ముప్పై ఏళ్ళు సూర్యాపేట చుట్టుపక్కల బళ్ళలో తెలుగు పాఠం చెప్పినదాన్ని. ఎదుటివాడి మాటలు ఏరే పాడలవాటు ఇంకా పోలేదు. ఒక్క గుక్కలో మూడు అందుకేలు వేశాడు మావాడు. కోడలు తల ఊపి వంటింట్లోకి వెళ్ళిపోయింది. నాకు మాత్రం మా నాయనమ్మ గుర్తొచ్చింది. ఆమెకు లోకంలో పడని మాట ఏదైనా ఉందంటే అది ఆ అందుకేయే.

మాది తుంగతుర్తి అవతల చిన్న ఊరు. గొర్రెల ఇల్లు. నాయన మందను తోలుకుపోయేవాడు. అమ్మ చేను చూసేది. మందకు పెత్తనం మాత్రం నాయనమ్మది. మోకాళ్ళు పట్టేసి ఆమె మేపడానికి పోవడం మానేసింది కానీ, పొద్దుగూకే వేళకు దొడ్డి గడప దగ్గర గొంగడి పరుచుకుని కూర్చునేది. మంద వచ్చేముందు దాని వాసన వచ్చేది. వానకు తడిసిన ఉన్ని, పచ్చి పాలు, పెంటికలు, దుమ్ము. ఇప్పుడు ఎక్కడైనా తడి కంబళి వాసన తగిలితే నాకు ఆకలేస్తుంది. ఆ వాసన వెనకే అమ్మ జొన్నరొట్టె కాల్చే వాసన వచ్చేది మరి.

గొర్రెలు ఒక్కొక్కటే దొడ్డిలోకి పోతుంటే నాయన ఆ రోజు సంగతులు చెప్పాలి. దానికో పద్ధతి ఉండేది.

"నల్లది మేసింది. బొల్లిది నీళ్లకు రాలె. పిల్లొకటి ఎనక వడ్డది."

అంతవరకే చెప్పాలి. కళ్ళతో చూసింది చెప్పాలి, ఎందుకైందో చెప్పగూడదు. మందలో రోగం పేరు ఎత్తడం ఎలాగూ కూడదు, ఎత్తితే వస్తుందని భయం. నాయనమ్మ కారణం కూడా ఎత్తనిచ్చేది కాదు. నాయన ఎప్పుడైనా నోరు జారి "ఎండ ఎక్కువున్నది, అందుకే..." అన్నాడో, కర్ర నేలకేసి కొట్టేది.

"అందుకే గిందుకే నాకొద్దు. నువ్వు సూసింది సెప్పు. ఎందుకో నేను సూసుకుంట."

ఒకసారి నేనే అడిగాను, నాయన చెప్తే తప్పేమిటని. నాయనమ్మ నా జడ లాగి దగ్గర కూర్చోబెట్టుకుంది. "నువ్వు కలిపి సెప్తే ఇని ఊకుంట బిడ్డా. ఇడిసి సెప్తే లేసి సూస్త."

ఆ మాట వెనక ఒక గొర్రె ఉంది. నేను బాగా చిన్నప్పుడు ఒక సాయంత్రం నాయన "చుక్కల గొర్రె ఎండకు అలిసింది, అందుకే మెయ్యలె" అని చెప్పాడట. నిజమే, ఆ రోజు నిప్పులు చెరిగింది. అందరూ సరే అనుకుని పడుకున్నారు. తెల్లారి చూస్తే చుక్కల గొర్రె పొట్ట ఉబ్బి కాళ్ళు చాచి ఉంది. నాయనమ్మ నాయనను తిట్టలేదట. "నీ అందుకేను నమ్మిన. గొర్రె వాయె" అని, నాలుగు రోజులు ఆయనతో మాట్లాడలేదట.

ఈ పద్ధతితో నేనొక కొంటె పని కూడా చేశాను. ఒకరోజు ఆమె పచ్చిపులుసు అన్నం కలుపుకుంటుంటే పరుగెత్తుకొచ్చి, "నాయినమ్మా, బొల్లిది పండుకున్నది. నోరు తెరిసింది" అని చెప్పాను. ఎంగిలి చెయ్యి విదిలించి, మోకాళ్ళు పట్టుకుని, దొడ్డిదాకా ఉరికింది పాపం. బొల్లిది హాయిగా నెమరేసుకుంటోంది. నేను గోడ చాటున నోరు మూసుకుని నవ్వుతున్నాను. కర్ర పడుతుందనుకుంటే పడలేదు. "పండుకున్నది నిజమే. నోరు తెరిసింది నిజమే. మంచిగ సూసినవ్" అని వెళ్ళి మళ్ళీ కంచం ముందు కూర్చుంది. నాకే సిగ్గేసింది.

బడిలో మాత్రం నేను నేర్చుకున్న విద్య దీనికి పూర్తిగా ఎదురు. ఏడో తరగతిలో తెలుగు సారు నాలుగైదు చిన్న వాక్యాలు బోర్డు మీద రాసి, వాటిని ఒక్క వాక్యంగా చెయ్యమనేవారు. అందువల్ల, అయినప్పటికీ, కనుక, కాబట్టి అని కుట్టుకుంటూ పోతే నా వాక్యం గడప దాటి వీధిలోకి వచ్చేది. సారు మురిసిపోయి నాకొక పెన్ను బహుమతి ఇచ్చారు. ఊళ్ళో ఏడో తరగతితో చదువు ఖతం. అప్పుడే కోదాడ నుంచి మా మేనత్త భర్త వచ్చాడు. ఆయనకు హైవే పక్కన టిఫిన్ హోటల్ ఉండేది.

"బావా, పిల్లని మా దగ్గర వదిలెయ్యి. హైస్కూలు మా ఇంటెనకే ఉంది. గంట కొడితే మా వంటింట్లోకి వినబడుద్ది" అన్నాడు నాయనతో.

నాయనకు ఏనుగెక్కినంత సంతోషమైంది. నాయనమ్మ నా ట్రంకుపెట్టెలో జున్ను డబ్బా పెడుతూ ఒక్కటే చెప్పింది. "ఉత్తరం రాయి. సూసింది రాయి."

పదకొండు రోజులు బడికి పోయాను. పన్నెండో రోజు హోటల్లో పప్పు రుబ్బే ఆమె రాలేదు. అత్తయ్య బాలింత, చంటివాడికి అయిదో నెల. "రెండ్రోజులు ఆగమ్మా, పనావిడ రాగానే బడికి పోదువు" అన్నాడు మామయ్య. రెండు రోజుల తర్వాత చంటివాడికి జ్వరమొచ్చింది. అది తగ్గాక పెళ్ళివాళ్ళ ఆర్డరు వచ్చింది. పిల్లాడు చింపుతాడని నా పుస్తకాల సంచి అటకెక్కించారు.

అత్తయ్య మంచిదే. దోసె అంచులు కరకరలాడేవి ఏరి నాకు పెట్టేది. మామయ్య కూడా రాక్షసుడేం కాదు. కొట్టలేదు, తిట్టలేదు. అదే నా తంటా. ప్రతి రోజుకూ ఒక కారణం ఉండేది, ప్రతి కారణమూ న్యాయంగానే ఉండేది. వాటి మధ్య నేను అడకత్తెరలో పోకచెక్కనయ్యాను. ఇంటికి వెనక ప్రహరీ గోడ, దాని మీద గాజు పెంకులు. ముందు నుంచి పోవాలంటే హోటల్లోంచే దారి, గల్లా దగ్గర మామయ్య. ఆ గోడ అవతల రోజూ గంట మోగేది. మొదటి గంటకు నేను రోలు ముందు కూర్చునేదాన్ని. చివరి గంటకు ఉల్లిపాయలు ఒలుస్తూ ఉండేదాన్ని. పులిసిన పిండి వాసన నా జుట్టులోకి కూడా ఎక్కింది. వేళ్ళ చివర్లు నాని, తెల్లబడి, పొరలు లేచాయి.

ఇక్కడొక పాపం ఒప్పుకోవాలి. చంటివాణ్ణి గిల్లేదాన్ని. వాడు గుక్కపెడితే మామయ్య "బయట తిప్పమ్మా వాణ్ణి" అనేవాడు. మలుపు దాకా ఎత్తుకుపోతే బడి గేటు కనిపించేది. నీలం లంగా ఓణీల పిల్లలు కనిపించేవాళ్ళు. రెండు నిమిషాలు చూసి తిరిగి వచ్చేదాన్ని. ఆ చంటివాడు ఇప్పుడు తాతయ్యాడు. ఇంతవరకు వాడికి ఈ సంగతి చెప్పే ధైర్యం నాకు రాలేదు.

ఇంటికి కార్డు రాసేదాన్ని. రాసిన కార్డు మామయ్య చదివి, తనే పోస్టు డబ్బాలో వేసేవాడు. నేను నా పెన్ను తీసి, బహుమతి పిల్లను కదా, ఇలా రాశాను: "అత్తయ్యకు ఒంట్లో నలతగా ఉన్నందువల్ల, బాబు మరీ చిన్నవాడు కనుక, కొద్దిరోజులు నేను బడికి వెళ్ళలేకపోయినప్పటికీ, ఇంట్లోనే పాఠాలు చదువుకుంటున్నాను కాబట్టి మీరు దిగులు పడవద్దు."

"అబ్బ, ఏం రాశావమ్మా" అన్నాడు మామయ్య, మనస్ఫూర్తిగానే. మా ఊళ్ళో నాయన ఆ కార్డు నలుగురికీ చదివి వినిపించాడట. తర్వాత అమ్మ చెప్పింది. నాయనమ్మ కూడా విని ఊరుకుందట. నా బోనుకు నేనే అంత చక్కగా గొళ్ళెం బిగించుకున్నాను. ఆ గొళ్ళేలు ఒకటి కాదు, వరసగా నాలుగు కార్డులు.

అయిదో కార్డులో తెగించాను. "మామయ్య నన్ను బడికి పంపనందువల్ల నాకు ఏడుపు వస్తున్నది" అని రాశాను. మామయ్య చదివాడు. కోపం కూడా తెచ్చుకోలేదు. కార్డును రెండు ముక్కలు చేసి పొయ్యిలో పెట్టి, "ఇట్టా రాస్తే మీ నాయన బాధపడతాడమ్మా. రేపు మళ్ళీ రాద్దువుగాని" అన్నాడు. ఆ రోజు నేను రోలు ముందు కూర్చుని, ఇక ఈ ఇంట్లోనే పెద్దదాన్నయి ముసలిదాన్నవుతానని నమ్మేశాను. పదమూడేళ్ళ పిల్లకు అంత చీకటి ఆలోచన ఎలా వచ్చిందో ఇప్పుడు తలుచుకుంటే భయమేస్తుంది.

మర్నాడు హోటల్ ముందు నుంచి ఒక గొర్రెల మంద పోయింది. ఎండలు ముదిరితే మావైపు వాళ్ళు మేతకోసం కృష్ణ దాటి కిందికి తోలుకుపోతారు. ముసలాయన ఒకడు టీ తాగడానికి ఆగాడు. వెనక నుంచి వచ్చిన కుర్రవాడు ఆయనకు చెప్పాడు. "కుంటిది మేసింది. ఎర్రది నీళ్లు ముట్టలె. రెండు పిల్లలు దగ్గుతున్నయ్."

ముసలాయన గ్లాసు సగంలో వదిలేసి లేచి పోయాడు.

నేను ఉల్లిపాయ చేతిలో పట్టుకుని అలాగే చూస్తూ ఉండిపోయాను. ఆ వాసన నన్ను దాటి పోతోంది. ఏడుపొచ్చింది, ఉల్లిపాయ ఉంది కనుక ఎవరూ అడగలేదు.

ఆ సాయంత్రం కార్డు రాశాను. "నేను బాగున్నాను. అత్తయ్య బాగుంది. బాబుకు పళ్ళు వస్తున్నాయి. బడి గంట ఇంట్లోకి వినిపిస్తుంది. సంచి అటక మీద ఉంది. రోజూ పప్పు రుబ్బుతున్నాను. వాకిలి హోటల్లోంచి ఉంది. వెనక గోడకు గాజు పెంకులు ఉన్నాయి. బొల్లిది ఈనిందా?"

మామయ్య రెండుసార్లు చదివాడు. "ఇదేంటి, ఇంత పొడిపొడిగా ఉంది? సరేలే, తప్పేముంది ఇందులో" అని తీసుకెళ్ళి డబ్బాలో వేశాడు. నిజంగానే అందులో తప్పు పట్టడానికేమీ లేదు.

మా ఊళ్ళో నాయన చదివి నొచ్చుకున్నాడట. "ఏంది, పిల్ల గిట్ల రాసింది? సదువుల ఎనకబడ్డదా?" అన్నాడట. నాయనమ్మ అన్నం ముందు కూర్చుని ఉంది. "మళ్ల సదువు" అంది. మళ్ళీ చదివాడు. కంచం పక్కకు జరిపిందట.

"గొర్ల ఎంబడి పోయే మనిషి సెప్పినట్టు సెప్పింది. పొద్దుగాల్ల మొదటి బస్సు ఎన్నింటికి?"

మర్నాడు మధ్యాహ్నం హోటల్ గిరాకీ మధ్యలోంచి, భుజాన గొంగడి, చేతిలో కర్రతో నడుచుకుంటూ లోపలికి వచ్చింది నాయనమ్మ. అంతకుముందు సూర్యాపేట దాటి ఎరుగదు. నన్ను చూసి ముద్దు పెట్టుకోలేదు. చెయ్యి పట్టుకుని తిప్పి చూసింది. వేళ్ళు వాసన చూసింది. కింది రెప్ప లాగి కన్ను చూసింది. "నాలిక సాపు" అంది. అక్కడ టిఫిను తింటున్న వాళ్ళంతా నవ్వారు. నేను నాలుక చాపాను.

తల ఎత్తి అటక చూసింది. పెరట్లోకి పోయి గోడ చూసింది. వచ్చి మామయ్య ముందు నిలబడింది.

"పిల్ల చేతులు సూసిన. సంచి సూసిన అల్లుడా. మూడింటికి సూర్యాపేట బస్సు."

"అది కాదత్తా, అసలేం జరిగిందంటే, పనావిడ మానేసింది. మీ అమ్మాయికేమో ఒంట్లో బాగోలేదు. అందుకని రెండ్రోజులు ఆగమన్నాం గానీ, మేమేమన్నా పరాయివాళ్ళమా, పిల్లని చదివించకూడదని మాకెందుకుంటుంది చెప్పండి..." మామయ్య చాలాసేపు చెప్పాడు. అన్నీ నిజాలే. నాయనమ్మ నిలబడి మొత్తం విన్నది. ఒక్క మాటకూ అడ్డు రాలేదు.

"మూడింటికి బస్సు" అంది మళ్ళీ.

ఆమె నిందించి ఉంటే మామయ్య జవాబు చెప్పేవాడు. అలిగి ఉంటే బతిమాలేవాడు. పట్టుకోవడానికి ఆ మాటల్లో ఆయనకు కొసే దొరకలేదు. నిచ్చెన వేసి సంచి తనే దించి ఇచ్చాడు.

అప్పుడు అత్తయ్య వంటింటి గడప దగ్గరికి వచ్చింది. చంకలో చంటివాడు. ఆమె నాయనమ్మ కన్నకూతురు. ఆ సంగతి నాకు తెలియక కాదు, ఆ క్షణంలో నా కళ్ళకు సంచి తప్ప ఏమీ కనబడలేదు.

"అమ్మా. మజ్జిగ పోసిన, తాగిపో. మళ్ల నెల తప్పింది. రేపటికి పప్పు నానవోసిన."

నాయనమ్మ మజ్జిగ గ్లాసు అందుకుంది. తాగలేదు. చాలాసేపు కూతురి ముఖంలోకి చూసింది. మామయ్య గల్లా దగ్గర్నుంచి "బస్సు టైమవుతోందత్తా" అన్నాడు. ఆమె గ్లాసు కింద పెట్టి, కూతురి తల మీద చెయ్యి పెట్టి, తీసి, నా రెక్క పట్టుకుని బయటికి నడిచింది.

బస్సులో నేను కిటికీ పక్క కూర్చుని లోకాన్నంతా మింగేసేలా చూస్తున్నాను. నాయనమ్మ గొంగడి ముఖం మీదికి లాక్కుంది. నిద్రపోతోందనుకున్నాను. సూర్యాపేట బస్టాండులో దిగి నాకు మిర్చి బజ్జీలు కొనిచ్చింది. తను తినలేదు. కాగితం పొట్లంలోని నూనె మరక చూస్తూ అంది.

"ఇద్దర్ని సూసిన. ఒక్కదాన్ని తెచ్చిన."

నాకు అర్థం కాలేదు. నన్నూ చంటివాణ్ణీ లెక్క చెబుతోందనుకున్నాను, అంత మొద్దును. తర్వాత, దూరమని ముందు వద్దనుకున్న తుంగతుర్తి బళ్ళోనే చేరాను, నడిచిపోయి నడిచొచ్చాను, ఒక సంవత్సరం పోయినా చదువు పోలేదు. నేను చదువుకుని, ఉద్యోగం చేసి, వేలమంది పిల్లలచేత విడివిడి వాక్యాలు కలిపించి మార్కులు వేశాను. అత్తయ్య ఆ హోటల్లోనే నలుగురు పిల్లల్ని కని, చివరిదాకా ఆ రోలు ముందే ఉంది. పెద్దయ్యాక ఒకసారి చూడ్డానికి పోతే నా చేతులు పట్టుకుని తిప్పి చూసి, "నువ్వు పోయినవ్. రోలు నాకొచ్చింది" అని నవ్వింది. ఆ నవ్వులో నిష్ఠూరం లేదు. ఉంటే బాగుండేది. ఆ బాకీ ఇప్పటికీ తీరలేదు.

నాయనమ్మ ఆ తర్వాత ఎన్నేళ్ళు బతికినా కోదాడ పేరెత్తలేదు. దొడ్డి గడప దగ్గర సాయంత్రాలు మాత్రం ఒక్కోసారి నాయన చెప్పడం ఆపేసినా ఆమె ఇంకా చెవి ఒగ్గి వింటూనే ఉండేది. ఇప్పుడా దొడ్డి లేదు, మందా లేదు. ఆ స్థలంలో ఎవరిదో ట్రాక్టర్ షెడ్డు ఉంది.

ఇదంతా గుర్తొచ్చేసరికి పది కావస్తోంది. లేచి చీర మార్చుకుని, చెప్పులు వేసుకున్నాను. మా అబ్బాయి పేపర్లోంచి తల ఎత్తాడు.

"యాడికమ్మా?"

"కిటికీకి జాలీ కొట్టారట. జుట్టు రాలుతోందట. పదిన్నరకు మిర్యాలగూడ బస్సు."

"అది కాదమ్మా, ఎందుకంటే..." అని మొదలుపెట్టాడు. నేను వింటూ నిలబడ్డాను. మొత్తం వినడానికే నిలబడ్డాను. వాడు నా ముఖం చూశాడు. మాట సగంలో ఆపేసి, మేకుకున్న బండి తాళం తీసుకున్నాడు.

"ఉండు. నేను గూడ వస్త."

వంటింట్లోంచి కోడలు అప్పటికే సంచి తెచ్చి నా చేతికిచ్చింది. ఆమె కూడా అంతసేపూ వింటూనే ఉందన్నమాట.

ఆ హాస్టల్లో మా పిల్ల గదికి ఆరు మంచాలు, చేరినరోజు చూశాను. మా మనవరాలితో పాటు ఇంకా అయిదుగురు ఆడపిల్లలు. ఈ ఉదయం వాళ్ళూ తలా ఒక ఐదు నిమిషాలు ఇంటికి మాట్లాడి ఉంటారు. ఇవాళ నేను ఆరుగురిని చూస్తాను. సాయంత్రానికి ఒక్కదాన్నే తెస్తాను.